గంగారాం అన్నకు నేను చెప్పిన మాట

మా స్టోర్‌లో కొత్తగా చేరిన ఎలక్ట్రీషియన్ మొన్న నల్ల టేపు చుట్టను పట్టుకొని ఒక్క గుంజు గుంజాడు. చర్రుమంది. వెంటనే ఎండకు మెత్తబడిన జిగురు వాసన వచ్చింది. "కొంచెం మెల్లగ తియ్యరాదా?" అని కసిరాను. పాపం, అతనికేం తెలుసు? సౌదీలో, ఈ దమ్మాంలో స్టోర్ కీపర్‌గా ఉండి టేపు చప్పుడుకు చిరాకుపడే మనిషిని నేనొక్కడినే అయ్యుంటాను. ఆ చప్పుడు వింటే శుక్రవారం పొద్దున నేలమీద బాసింపట్టు వేసుకొని, టెన్నిస్ బంతికి టేపు చుట్టుకుంటూ కూర్చున్న గంగారాం అన్న కళ్ళ ముందుకొస్తాడు. ఆ వెనకే భయం వస్తుంది. ఇన్నేళ్ళయినా అది నన్ను విడిచిపోలేదు.

గంగారాం అన్నది కోరుట్ల పక్కన ఒక పల్లె. పేరుకు షట్టరింగ్ కార్పెంటర్. నిజానికి అతని వృత్తి బౌలింగే అంటాను నేను. ఎడమచేతి వాటం, నాలుగడుగుల పరుగు, అంతే. మొదట హాయిల్‌లో గోధుమ పొలాల పనికి వచ్చాడు. అక్కడి పాకిస్తానీ ట్రాక్టర్ డ్రైవర్లు టేపు బంతి ఆట నేర్పారు. నేర్పినవాళ్ళనే ఆరు నెలల్లో అవుట్ చేయడం మొదలుపెట్టాడట. అక్కడి నుంచి రాబిగ్, రాబిగ్ నుంచి అల్ ఖోబర్. ఏ కంపెనీ మేనేజరుకు క్రికెట్ పిచ్చి ఉంటే ఆ కంపెనీలో అన్నకు పని దొరికేది. "మేస్త్రీలు మస్తుమంది దొరుకుతరు, యార్కర్ ఏసేటోడు దొరకడు" అని నవ్వేవాడు. అతని సూట్‌కేసులో ఆరు కంపెనీల ఆరు జెర్సీలు ఉండేవి. అన్నిటి వెనకా వేరేవాళ్ళ పేర్లే, అతనికంటే ముందు ఆడి వెళ్ళిపోయినవాళ్ళవి. కొత్తది కుట్టించమని ఏనాడూ అడగలేదు. "పేరు కుట్టే లోపల కంపెనీ మారుతది, దారం దండుగ" అనేవాడు.

అల్ ఖోబర్‌లో మా క్యాంపుకు వచ్చేనాటికి అతనికి నలభై దగ్గర పడ్డాయి. నాది టైమ్ కీపర్ ఉద్యోగం, అంటే ఎవరు ఎన్నింటికి పనికి వెళ్ళారో రాసుకోవడం, ఆఫీసు ఫోన్ ఎత్తడం. ఒడ్డూ పొడుగూ లేదని టీంలో నన్ను వికెట్ల వెనక నిలబెట్టారు. మొదటిరోజు అన్న వేసిన బంతి తగిలి నా బొటనవేలు ఊడినంత పనైంది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. అన్న వచ్చి నా చెయ్యి పట్టుకొని చూశాడు.

"భయమైతుందా తమ్మీ?"

"లేదన్నా."

"అబద్ధం చెప్పకు. భయమైతే మంచిదే. భయం లేనోడు లైను దాటి నోబాల్ ఏస్తడు. నువ్వు బంతి దిక్కు చూస్తున్నవు, అందుకే భయం. నా చేతి దిక్కు చూడు."

ఆ మాటతో నా ఆట మారిపోయింది. చెయ్యి చూస్తే బంతి ఎక్కడ పడుతుందో ముందే తెలిసేది. కొన్నాళ్ళకు బ్యాట్స్‌మన్ కాళ్ళు ఎటు కదులుతున్నాయో నేను సైగ చేసేవాడిని, అన్న అట్లాగే వేసేవాడు. ఎందుకు, ఏమిటి అని ఒక్కసారి కూడా అడగలేదు. మా కెప్టెన్ ఒకసారి, "కీపర్ తప్పు చెబితే?" అని అడిగాడు. "బౌలర్‌కు ఆడికెల్లి కనపడదు సాబ్. కీపర్ చెప్పిందే ఖరార్. ఆయన మాటను శక్ చేస్తే ఆట ఆడుడే వద్దు" అన్నాడు అన్న. పొగిడితే ఉబ్బిపోయే వయసు నాది. ఆ రోజంతా నేల మీద కాలు ఆనలేదు.

తర్వాత నితాఖత్ అన్నారు, తలకింత కట్టాలని లెవీ అన్నారు. సౌదీ వాళ్ళను తగినంతమందిని పెట్టుకోని కంపెనీ ఎర్ర రంగులో పడుతుంది. ఎర్రలో పడితే మా ఇకామాలు, అంటే ఇక్కడ ఉండేందుకు ఇచ్చే కార్డులు, రెన్యువల్ కావు. ఇకామా లేకుండా రోడ్డు మీద దొరికితే అంతే సంగతులు. మా కంపెనీ ఎర్రలో పడింది. ఆ నాటి నుంచి క్యాంపులో నవ్వులు ఆగిపోయాయి. కూరగాయలకు వెళ్ళాలన్నా ముగ్గురు నలుగురు కలిసి, పోలీసు బండి ఉందేమోనని మలుపు మలుపునా తొంగి చూసుకుంటూ వెళ్ళేవారు. మా కఫీల్‌కు, అంటే మా వీసాలు తన పేరు మీద ఉన్న సౌదీ యజమానికి, చిరాకు ఎక్కువైంది. పోతానని అడిగినవాళ్ళలో కొందరికి ఖురూజ్ కొట్టించాడు, అంటే మర్యాదగా ఇంటికి పంపే ఎగ్జిట్. కొందరి మీద హురూబ్ రాయించాడు, అంటే పని వదిలి పారిపోయాడని ఫిర్యాదు. హురూబ్ పడినవాడు కనపడితే పట్టుకుంటారు, వేలిముద్రలు తీసి పంపేస్తారు, మళ్ళీ ఈ దేశంలో అడుగు పెట్టలేడు. ఎవరికి ఏది వస్తుందో ఆ దేవుడికే తెలియాలి.

అప్పటికే అన్న భుజం పాడైంది. చొక్కా తొడుక్కోవడానికి కూడా కుడిచేత్తో ఎడమచేతిని లేపుకునేవాడు. ఎవరికీ చెప్పొద్దని నాతో ఒట్టు వేయించుకున్నాడు. దమ్మాంలో ఒక పెద్ద కంపెనీ మేనేజర్, ఆయనా క్రికెట్ పిచ్చి మనిషే, కంపెనీల టోర్నమెంటులో మా సెమీఫైనల్ చూడటానికి వస్తున్నాడు. ఆ కంపెనీ పచ్చ రంగులో ఉంది, అక్కడ ఇకామాల బెంగ లేదు.

ఆ శుక్రవారం ఆఖరి ఓవర్ అన్నదే. వాళ్ళకు ఎనిమిది పరుగులు కావాలి. పరుగు మొదలుపెట్టే చోట నిలబడి అన్న నా వైపు చూశాడు. అంత దూరం నుంచీ అతని మొహం పాలిపోయి కనపడింది. బ్యాట్స్‌మన్ ముందుకొస్తున్నాడని సైగ చేశాను. వేగం తగ్గించి వేశాడు, బౌల్డ్! తర్వాతి ఐదు బంతులకు నాలుగు పరుగులే ఇచ్చాడు. అందరూ మీద పడి ఎత్తబోతే, "పట్టుకోకున్రి, పట్టుకోకున్రి" అని అరిచాడు. వాళ్ళు సిగ్గుపడుతున్నాడనుకున్నారు.

ఆ మేనేజర్ అన్నను పక్కకు పిలిచాడు. "ట్రాన్స్‌ఫర్ మే తక్లీఫ్ హై. అప్నే కఫీల్ సే ఖురూజ్ లే లో, ఘర్ జావో, మై నయా వీసా భేజూంగా" అన్నాడు, ఇక్కడికిక్కడే మారడం కష్టం, ఖురూజ్ తీసుకొని ఇంటికి పో, కొత్త వీసా పంపిస్తానని. అన్న వచ్చి నా పక్కన కూలబడ్డాడు. "తమ్మీ, భుజం సంగతి ఇంటికి పోయినంక చూయించుకుంట. ఖురూజ్ ఒక్కటి వస్తే బతికిపోత" అన్నాడు. మరునాడే కఫీల్‌కు అర్జీ పెట్టుకున్నాడు. ఇక ఎదురుచూపులు. ఆ వారంలోనే మా గదిలోని ఇద్దరి మీద హురూబ్ పడింది.

ఆదివారం మధ్యాహ్నం అన్న ఆ మేనేజర్‌కు పాస్‌పోర్టు కాపీ ఇవ్వడానికి దమ్మాం వెళ్ళాడు. ఆఫీసులో నేనొక్కడినే ఉన్నాను. బయట జనరేటర్ మోగుతోంది. ఫోన్ మోగింది. కఫీల్ తరఫున ప్రభుత్వ కాగితాలు చూసే మందూబ్. ఎప్పుడూ విసుక్కుంటూనే మాట్లాడతాడు. అరబ్బీలో గడగడా ఏదో చెప్పాడు. అందులో గంగారాం పేరు వినపడింది. ఆ పక్కనే హురూబ్ అని వినపడింది. మళ్ళీ చెప్పండి అని అడగాలి. అడిగితే తిడతాడని భయం. "తయ్యబ్, తయ్యబ్" అన్నాను, సరే సరే అని. పెట్టేశాడు.

వెంటనే అన్నకు ఫోన్ చేశాను.

"అన్నా, క్యాంపుకు రాకు. నీ మీద హురూబ్ ఏసిన్రు."

అన్న ఒక్కటే అడిగాడు.

"నువ్వు నీ చెవుల్తోని విన్నవా తమ్మీ?"

"విన్ననన్నా. మందూబే చెప్పిండు."

"అయితే ఖరారే. నా సామాను నువ్వే ఉంచుకో. ఈ నంబర్‌కు మళ్ళ చెయ్యకు, నిన్ను గూడ పట్టుకుంటరు."

ఆరు రోజుల తర్వాత కంపెనీ డ్రైవర్ ఒక కవర్ తెచ్చి నా బల్ల మీద పెట్టాడు. అందులో అన్న పాస్‌పోర్టు, విమానం టికెట్ ఉన్నాయి. "గంగారాం కిధర్ హై? ఉస్‌కా ఖురూజ్ లగ్ గయా, దో మహీనే మే జానా హై" అన్నాడు, ఖురూజ్ పడింది, రెండు నెలల్లో వెళ్ళిపోవాలని. ఖురూజ్. అన్న కోరుకున్నదే వచ్చింది. భయస్తుడికి తాడు కూడా పామే అంటారు. నేను తాడును పామని చెప్పి ఆ మనిషిని పరుగెత్తించాను.

అప్పుడైనా మా మేనేజర్ దగ్గరికి వెళ్ళి, సాబ్, నేను తప్పు విన్నాను అని చెప్పి ఉంటే నలుగురిని పంపి వెతికించేవాడు. చెప్పలేదు. నా ఇకామా కూడా ఆ కఫీల్ చేతిలోనే ఉంది. ఆ పేరు చెప్పి నన్నూ గెంటేస్తాడని భయపడ్డాను. సిగ్గు లేకుండా రాస్తున్నాను, అన్న బతుకు కంటే నా ఇకామా ఎక్కువనిపించింది. ఒక్కడినే దొంగచాటుగా వెతికాను. అతని నంబర్ పనిచేయలేదు. దమ్మాం కంపెనీలో ఆ రోజు తర్వాత కనపడలేదన్నారు, అతని ఇంటి నంబర్ నా దగ్గర లేదు. శుక్రవారం శుక్రవారం టేపు బంతి ఆడే ప్రతి మైదానానికీ వెళ్ళాను. దాక్కున్న మనిషి మైదానానికి ఎందుకొస్తాడు? ఎడమచేతి బౌలర్ ఎవరు కనపడినా పరుగెత్తేవాడిని. రెండు నెలలూ గడిచిపోయాయి. ఖురూజ్ మురిగిపోయింది. అప్పుడు కఫీల్ నిజంగానే హురూబ్ రాయించాడు.

మరికొన్నాళ్ళకు దమ్మాంలో తనిఖీల్లో అన్న దొరికాడు. తర్హీల్‌లో, అంటే తిప్పి పంపే జైలులో, ఇరవై రోజులు ఉంచి విమానం ఎక్కించారు. అక్కడ కంప్యూటర్‌లో అతని పేరు పక్కన హురూబ్ అనే ఉంది. అంటే నా మాట నిజమేనని అతనికి సర్కారే చెప్పింది.

నేను మాత్రం బతికిపోయాను. వేరే కంపెనీకి మారాను. పట్టుబట్టి అరబ్బీ చదవడం నేర్చుకున్నాను. ఇప్పుడు ఎవరేం చెప్పినా రెండుసార్లు అడుగుతాను, కాగితం మీద రాయిస్తాను. ఆఫీసులో నాకు 'బహ్రా సాబ్' అని పేరు పెట్టారు, చెవిటివాడని. ఎవరి మీద ఏ కాగితం వచ్చినా ముందు నా దగ్గరికే తెస్తారు. ఈ పేరంతా అన్న పోగొట్టుకున్నదాంట్లోంచి వచ్చిందే.

అన్న ఇప్పటికీ ఫోన్ చేస్తాడు. ఊళ్ళో ఎడ్లు లేవు, ట్రాక్టర్ తోలుతున్నాడు. ఎడమ చెయ్యి భుజం పైకి లేవదు. ప్రతిసారీ ఒకే మాట: "ఆనాడు నువ్వు ఫోన్ చెయ్యకపోతే క్యాంపుల్నే దొరికిపోదును. నా కీపర్ నన్ను కాపాడిండు." అది హురూబ్ కాదన్నా, అని నోటిదాకా వస్తుంది. రాగానే వెనక్కి పోతుంది.

పోయిన శుక్రవారం కొత్త కబురు చెప్పాడు. తన బామ్మర్దికి దమ్మాంలో పని దొరికిందట.

"నిన్నే చూసుకొని పంపుతున్న తమ్మీ. ఏ కాయితమొచ్చినా ఆయన ఏది చెప్తే అది చెయ్యి, ఎందుకని అడగకు అని చెప్పిన."

"ఒక్కసారి ఎందుకని అడగమను అన్నా," అన్నాను.

అన్న పెద్దగా నవ్వాడు. "నిన్నా? నిన్నెందుకు అడుగుతరురా!"