మత్తు డాక్టరు సరే, లేపీ డాక్టరేడీ?

మా బావ కాలి ఆపరేషన్‌కని నిన్న విజయనగరం ఆస్పత్రికి ఎళ్తే, స్పిరిట్ వాసన మధ్య ఒక తలుపు మీద ‘ఎనస్థీషియాలజిస్ట్’ అని కనబడింది. నోరు తిరక్క మా అమ్మాయినడిగాను. గ్రీకు మాటట, స్పర్శ తెలీకుండా చెయ్యడమట. ఓస్, మన మత్తు డాక్టరే! పళ్ల డాక్టరు, కళ్ల డాక్టరు అని మనం పనిని చూసి పేరెట్టేవాళ్లం, గుర్తుందా ఒరే?

చిన్నప్పుడు నాకు అపెండిక్స్ ఆపరేషన్. సత్తు క్యారియర్ ఒళ్లో పెట్టుకుని మా మామ్మ ఆపరేషన్ గది గుమ్మానికి అడ్డంగా కూర్చుంది.

“మత్తు డాట్రొచ్చాడు సరే, లేపీ డాట్రేడి బాబూ? ఆడొస్తేనే పిల్లడ్ని లోపలికంపుతాను.”

ఆ డాక్టరు నవ్వలేదు. “రెండూ నేనే మామ్మా. లేచేదాకా ఈడి పక్కనే ఉంటాను.”

“లేపకుండా ఎల్పోయావంటే నీ స్కూటర్‌కి సక్రాలుండవు,” అని దారిచ్చింది.

ఆపరేషనయ్యాక పిలుపులు వినబడుతున్నాయి గానీ నాకు కళ్లు తెరుచుకోవడం లేదు. మామ్మ నా తొడ పట్టుకుని కసిగా గిల్లింది. కెవ్వుమన్నాను.

“నొప్పి తెలిసిందిరా నాయనా! ఏడవరా, ఇంకా గట్టిగా ఏడవరా,” అంటూ నవ్వుకుంటూ నేలమీద చతికిలబడిపోయింది.