ప్లానులో లేని అరుగు

మా వీధి మేస్త్రి బాబాయ్ పోయిన శుక్రవారం తెనాలి ఆసుపత్రిలో కన్నుమూశారు. ఆయన్ని ఇంటికి తీసుకొస్తే అపార్ట్‌మెంట్ సెక్రటరీ గేటు దగ్గరే ఆపాడు. లిఫ్టులో పట్టదట, మెట్ల మీద తిప్పడం కష్టమట, కావాలంటే పార్కింగులో ఓ గంట ఉంచుకోవచ్చట. వాచ్‌మన్ ఎవరికో ఫోనులో "మూడొందల రెండు వాళ్ళ బాడీ వచ్చిందండి" అని చెబుతున్నాడు. నాకు ఒళ్ళు మండింది. మీరే చెప్పండి, జీవితమంతా ఊరికి ఇళ్ళు కట్టినవాడికి చివరికి ఒక నంబరేనా మిగిలేది?

మా వీధిలో సగం ఇళ్ళు ఆయన చేతివే. బాపట్లలో, రేపల్లెలో కూడా కట్టారు. ఎక్కడ కట్టినా వీధి అరుగు దగ్గర మాత్రం పేచీ పెట్టేవారు. అది ఆరిన రోజున తనే దాని మీద వెల్లకిలా పడుకునేవారు. కాళ్ళు బయటికి వస్తే పగలగొట్టించి మళ్ళీ కట్టించేవారు. ఎందుకింత వెడల్పని మా నాన్న విసుక్కుంటే, "ఇల్లు మీది అన్నయ్యా, అరుగు దారినపోయేవాడిది" అన్నారట.

ఈ నాలుగైదేళ్ళుగా తెనాలికి అపార్ట్‌మెంట్ల పిచ్చి పట్టింది. బాబాయ్ ఇంటినీ కొడుకులు బిల్డరుకిచ్చేసి, ఆయన్ని మూడో అంతస్తులో పెట్టారు. పొద్దున్నే నమాజు కాగానే మా అరుగు మీదికి వచ్చేసేవారు.

"ఎదురు తలుపాయన ఎవరో తెలీదబ్బాయ్. పేరడిగితే నంబరు చెప్పాడు" అని నవ్వేవారు. ఒకసారి మాత్రం నవ్వలేదు. "ప్లాను గీసినోడికి కారు గుర్తొచ్చింది, మనిషి గుర్తు రాలేదేంటి?" అన్నారు.

శుక్రవారం గేటు దగ్గర ఆ మాట గుర్తొచ్చి, "పార్కింగూ వద్దు, ఏమీ వద్దు, మా ఇంటికి తీసుకురండి" అన్నాను వాళ్ళ పెద్దబ్బాయితో. మా పెరట్లో దుప్పట్లు అడ్డం కట్టి స్నానం చేయించారు. తర్వాత అరుగు మీద పడుకోబెట్టారు. రేపల్లె నుంచి వచ్చిన ఒక పెద్దాయన "మా ఇల్లు కట్టిన చేతులండీ ఇవి" అని ఏడ్చాడు. వీధంతా వచ్చింది. ఎదురు తలుపాయన రాలేదు. ఆ సెక్రటరీ మీద నా కోపం ఇప్పటికీ చల్లారలేదు.

అంత కోపానికి నాకు అర్హత ఉందా అంటే, లేదు. మా ఇల్లు కూడా ఇస్తానని ఒక బిల్డరుకి మాటిచ్చినవాణ్ణే నేను. సోమవారం అతను ప్లాను పట్టుకుని వచ్చాడు. ఇందులో అరుగు ఎక్కడని అడిగాను.

"ఇప్పుడు అరుగులెవరికి సార్? అక్కడ రెండు కార్లు పడతాయండి."

అరుగు లేకపోతే సంతకం లేదన్నాను. అతను నవ్వాడు. ఎండన పడి వచ్చాడేమో, చెమట తుడుచుకుని, మా అరుగు మీదే కాళ్ళు చాపుకుని కూర్చుని, ప్లాను మళ్ళీ విప్పాడు.