మాటల్లేని పాట

నిన్న మనవరాలి గదిలో, ఫోన్‌లో ఎవరో విదేశీ గాయని మాటలు లేకుండా పాడుతోంది. జాజ్ అట. వింటుంటే మా ఊరు కోసిగిలో ఉన్న మేనత్త గుర్తొచ్చింది.

అత్త గుంతకల్లు రైల్వే కాలనీలో కాపురం చేసి, మామ పోయాక మా ఇంటికి వచ్చేసింది. అక్కడ విన్న ఆంగ్లో ఇండియన్ల బ్యాండునూ, మా ఊరి పీర్ల పాటలనూ కలిపి, వేరుశనక్కాయలు ఒలుస్తూ సొంతంగా వరుసలు కట్టేది. "దబ దూ, దబ దూ" అంటూ గొంతు ఎక్కడికో ఎగిరి, మెల్లగా దిగేది.

నాకప్పుడు ఏడేళ్లు. భయపడి అవ్వ దగ్గరికి పరుగెత్తాను.

"అవ్వా, అత్తకు మాటలు పోయినాయి. ఏందేందో అంటాండాది!"

కూతురికి గాలి సోకిందనుకుంది అవ్వ. మంత్రగాడు వచ్చి వేపమండలతో కొట్టాడు. అత్త అరవలేదు, నావైపే చూసింది.

వారం తర్వాత పక్కన చేరి, "దబ దూ అను అత్తా, ఈసారి ఎవురికీ చెప్పను" అన్నాను.

నా తల నిమిరింది. "మీ మామ ఇంటాడని పాడుతాంటి పాపా. ఇంగ వద్దులే."

తర్వాత ముప్పై ఏళ్లు బతికింది. నా పిల్లల ఉయ్యాల ఊపుతూ కూడా కూనిరాగం తీయలేదు. ఆ పాటలు విన్నదాన్ని నేనొక్కదాన్నే. విన్నప్పుడు అవి పాటలని నాకు తెలియలేదు.