పొద్దుమింగు కోన దగ్గర ఆపిన పిలుపు

పదమూడేళ్లుగా మోస్తున్న మాట ఇది. ఎవరికీ చెప్పలేదు, కట్టుకున్నదానికి కూడా. ఇవాళ మీకు చెబుతున్నాను, అదీ తల వంచుకుని కాదు. గొంతు బొంగురుపోయింది. కాళ్ల బురద ఇంకా కడుక్కోలేదు. అయినా ఇంత సంతోషంగా ఎప్పుడున్నానో గుర్తు లేదు. తప్పు చేసినవాడికి సంతోషమేమిటంటారా? వినండి.

సత్యవేడు దాటాక మా ఊరి పైన కొండల్లో పొద్దుమింగు కోన ఉంది. మా మామిడి తోటలకు అక్కడి ఊట నీళ్లే దిక్కు. ఏటా ఎండలు ముదరక ముందే ఒకరు కోనలోకి దిగి, కాలువకు అడ్డుపడిన రాళ్లూ ఆకులూ తీయాలి. దిగడం కష్టం కాదు, అదే రోజున బయటికి రావడం కష్టం. లోపల కాలం దాని ఇష్టం వచ్చినట్టు నడుస్తుంది. అందుకని దిగినవాడి రక్తసంబంధీకుడు ఒకడు కోన మూతి దగ్గర నిలబడి, పేరు పెట్టి ఆపకుండా పిలుస్తూనే ఉండాలి. పిలుపు వినపడినంతసేపు లోపలి పొద్దూ బయటి పొద్దూ కలిసి సాగుతాయి. లోపల ఒక గీతరాయి ఉంది. దాన్ని దాటితే పిలుపు వినపడదు. ఒక్క పిలుపు తప్పితే ఒక రోజు పోతుందని పెద్దవాళ్లు చెప్పేవారు.

మా పెదనాయన కొడుకు చెంగల్రాయన్న దిగేవాడు. నేను పిలిచేవాణ్ణి.

అన్నకు ఇంకో గొప్ప కూడా ఉండేది. మా ఊరి భారతం ఉత్సవాల్లో అర్జునుడి వేషం అతనిదే. పద్యాలు పాడుతూ, అర్జునుడి తపస్సు ఘట్టానికని నాటిన అంతెత్తు తపస్సు మాను ఎక్కుతాడు. పై నుంచి అతను విసిరే నిమ్మకాయ కోసం ఊరంతా చేతులు చాస్తుంది. ఆ వేషం నాకు కావాలి. నాకంటే బాగా పాడతాడా? పాడతాడు. అది నాకు తెలుసు కాబట్టే కడుపు మండేది. ఆ ఏడు నీళ్లు ఉన్నట్టుండి ఆగిపోయి, మాను ఎక్కే రోజుకు ముందు రోజే కాలువ పని పడింది. అన్న ఒక్క రోజు ఆలస్యంగా వస్తే వేషం నాకే.

నోరు మూసుకున్నాను. రెండు గుటకల నీళ్లు తాగేంతసేపు. పొరపాటున కాదు, దగ్గు వచ్చీ కాదు. కావాలనే.

నేను అనుకున్నది ఒక రోజు. కోన తీసుకున్నది పదకొండేళ్లు.

ఆ తర్వాత మూడు రోజులు గొంతులో నెత్తురు పడేదాకా పిలిచాను. ఊరు చూసింది అదే. గీతరాయి దాటుకుని పోయింటాడు, పిలిచినోడి తప్పేముండాది అన్నారు. నేను తల ఊపాను. మరుసటి ఏడు నుంచి మాను నేనే ఎక్కాను. చప్పట్లు బాగానే పడ్డాయి. సిగ్గు వేయలేదా? వేసింది, అయినా ఎక్కాను.

పదకొండేళ్ల తర్వాత అన్న బయటికి వచ్చాడు, పోయిన వయసుతోనే. పిక్కల మీద బురద తడి ఆరలేదు. జేబులో బటన్ ఫోనుకు ఇంకా రెండు గీతల ఛార్జి ఉంది. ఉయ్యాలలో వదిలిపోయిన బిడ్డ ఆరో తరగతి చదువుతోంది. ఆ పిల్ల అతణ్ణి నాయనా అని పిలవలేదు. మమ్మల్ని కాదనుకుని గీత దాటిపోయినోడు, నాకేం నాయన అంది. రెండేళ్లయినా పిలవలేదు. అన్న కూడా తనే ఏమరపాటున దాటానేమో అనుకునేవాడు. నేను నోరు తెరిస్తే తేలిపోయే మాట. తెరవలేదు.

అన్నకు అలా జరిగాక కోనలోకి ఎవరూ దిగలేదు, ఈ ఏడు ఊట మళ్లీ ఆగింది. తోటలకు ట్యాంకర్లు తోలుకుంటున్నాం. దిగడానికి ఎవరూ ఒప్పుకోలేదు. అన్న దిగుతానన్నాడు. పిలవడానికి నన్నే రమ్మన్నాడు.

ఇవాళ పొద్దున్నుంచి పిలిచాను. ఎండ నడినెత్తికి వచ్చేసరికి ఇక ఆపుకోలేకపోయాను. చెప్పడానికి ఆగితే అతణ్ణి మళ్లీ పోగొట్టుకుంటాను. అందుకే పిలుపులోనే చెప్పాను. చెంగల్రాయన్నా, ఆ పొద్దు పిలుపు ఆపింది నేనే. చెంగల్రాయన్నా, వేషం కోసం ఆపినాను. చెంగల్రాయన్నా, నువ్వు గీత దాటలేదు. ఇది విని లోపలే ఉండిపోతాడేమోనని వణికాను. అయినా ఒక్క పిలుపు తప్పలేదు.

ముందు నీళ్లు వచ్చాయి, ఆకుల్ని తోసుకుంటూ. వెనకాలే అన్న. ఫోను తీసి చూశాను. అదే తారీఖు! ఆ రాళ్ల మీదే గెంతాను, చిన్నపిల్లాడిలా కేకలు పెట్టాను.

అన్న మొహం కడుక్కున్నాడు.

"నిజమేనా?"

"నిజమేన్నా."

"నా బిడ్డ నడక నేర్సింది నేను సూడలేదు."

అంతే. లేచి ఇంటికి పోయాడు. క్షమించాననలేదు. నేను అడగలేదు. ఏ ముఖం పెట్టుకుని అడగను?

వెనకే వాళ్లింటికి పోయాను. పిల్ల గుమ్మంలో ఉంది. "మీ నాయన గీత దాటలేదమ్మా. పిలుపు ఆపింది నేను. కావాలనే ఆపినాను," అన్నాను. పదమూడేళ్ల పిల్ల నన్ను కిందికీ పైకీ చూసి, తలుపు నా ముఖాన వేసింది.

లోపల "నాయనా" అని పిలిచింది.

అన్న పలికాడో ఏడ్చాడో నాకు తెలియదు. ఆ తలుపు నాకు తెరుచుకోదు, తెరుచుకోనక్కర్లేదు. ఇంటికి వచ్చి, ఊళ్లో అందరూ చదవాలని ఇది రాస్తున్నాను. ఆపింది నేనే.