తొంభై ఒకటి బదులు ఎనభై రెండు

పంక్చరు కొట్లో గాలి పంపు బుసకొట్టి ఆగాక, టైర్ల గుట్ట చాటు నుంచి అందరూ టైరు తాత అనే ముసలాయన వచ్చాడు. చీలిపోయిన నా కారు టైరును తడిమి, దాని పక్కభాగం మీదున్న అక్షరాలు చదివాడు. "తొంభై ఒకటి, టి. అంకేమో మొయ్యగల బరువు, అక్షరమేమో తట్టుకునే వేగం. నా దగ్గరున్నది ఎనభై రెండే."

"సైజు ఒకటేగా తాతా. వేసెయ్యి, ఇంటిల్లిపాదీ ఊరెళ్ళాలి."

చక్రం మీద ఆయన చెయ్యి ఆగిపోయింది. "మా తమ్ముడూ ఇదే అన్నాడు. నేనే బిగించా. మిట్టమధ్యాహ్నం, కారు నిండా జనంతో పోతుంటే పేలింది. మరదలొక్కతే మిగిలింది."

ఆవిడ ఈయనతో మాట్లాడి పదేళ్ళయిందట.

"నేను వెయ్యను. బస్సెక్కండి."

విసుక్కుంటూ బయల్దేరాను. వెనక నుంచి అన్నాడు. "తిట్టుకో బాబూ. తిట్టడానికి నువ్వుంటావుగా."