నానమ్మకు నచ్చని పాట

నా చిన్నప్పుడు హైదరాబాదు పక్కనున్న మా రాయదుర్గం చుట్టూ రాళ్ళగుట్టలూ జొన్నచేలే ఉండేవి. నైజాం పాలన ఆఖరి రోజులవి. మా పక్కింటి అక్క పెళ్ళయిన ఏడాదికే భర్తను పోగొట్టుకుంది. బతుకమ్మ ఆటకు రాకూడదనీ, అమ్మవారి గుడి గడప తొక్కకూడదనీ ఆమెకు కట్టడి. గొంతు మాత్రం తేనె.

ఆ ఏడు కలుపు తీస్తూ అక్క సొంతంగా ఒక పాట కట్టింది.

"అందరి తల్లివంట ఉయ్యాలో, నాకెందుకు కావమ్మ ఉయ్యాలో? బొట్టున్నోళ్ళ మొక్కే ఉయ్యాలో, నీకు ముద్దాయెనా ఉయ్యాలో?"

పండుగ దగ్గరపడేసరికి చేలన్నింటా ఆ పాటే. అమ్మవారిని తిట్టిందని పెద్దలు భగ్గుమన్నారు. పటేలు అక్కను గుడి ముందుకు పిలిపించి, ముక్కు నేలకు రాసి తప్పయిందని చెప్పమన్నాడు. లేకుంటే ఊరిబావి నీళ్ళు ముట్టకూడదన్నాడు.

అక్క తలెత్తింది. "నేను అమ్మనడిగిన. కోపమొస్తె అమ్మనే చెప్తది. నడుమ మీకేంది?"

ఎవరో ఆమె మెడ వంచబోయారు. అప్పుడు మా నానమ్మ లేచింది. శుక్రవారం గుడి కడిగి ముగ్గు వేయనిదే పచ్చినీళ్ళు ముట్టని మనిషి. అమ్మవారిని అంత మాటన్నదని ఆ పాట విని ఆమె కళ్ళనీళ్ళు పెట్టుకోవడం నేను చూశాను. ఆమె కూడా అక్కను తిడుతుందనే అందరూ అనుకున్నారు.

"గా పాట నాకూ నచ్చలే పటేలా. పానం చివుక్కుమన్నది. చెవులు నావి, మూసుకున్న. నోరు దానిది. మూసెటందుకు నువ్వెవరు?"

"అయితె మీ ఇంటికి గూడ నీళ్ళు బంద్" అన్నాడు పటేలు.

"చెయ్యి" అని నానమ్మ అక్కను వెంటబెట్టుకుని వచ్చేసింది.

ఎండాకాలం దాకా గుట్టకింది చెలిమె నుంచి నీళ్ళు మోశాం. నాన్న గొణిగాడు, అమ్మకు నడుం పట్టేసింది. నానమ్మ తగ్గలేదు. పండుగనాడు మా వాకిట్లోనే అక్కతో బతుకమ్మ ఆడించింది. ఊళ్ళోని విధవలు ఒక్కొక్కరే వచ్చి కలిశారు. అక్క ఆ పాట అందుకోగానే నానమ్మ మాత్రం విసురుగా లోపలికి వెళ్ళిపోయింది.

చెలిమె ఎండిన రోజున, ఊరిబావి దగ్గర ఆడవాళ్ళే చేదలతో తోడి మా బిందెలు నింపారు. పటేలు దూరం నుంచి చూసి వెనుదిరిగి వెళ్ళిపోయాడు.

నా దేవుణ్ణి ఎవరైనా మాటంటే నాకిప్పటికీ ఒళ్ళు మండుతుంది. వాదిస్తాను, లేచి వెళ్ళిపోతాను. కానీ వాళ్ళ గొంతు నొక్కమని గుమిగూడిన వాళ్ళ పక్కన మాత్రం ఈ వయసులోనూ నిలబడను.