మా గోలీ మోకాళ్ల మీద ఎందుకు వాలాడు

మొన్నొక ఆదివారం మా అమ్మాయిని స్కేటింగుకు తీసుకెళ్లి, రింకు పక్కన మెట్ల మీద కాఫీ తాగుతూ కూర్చున్నాను. పిల్లల గంట అయిపోయాక యూనివర్సిటీ మగపిల్లల ఐస్ హాకీ జట్టు ప్రాక్టీసుకు దిగింది. ఆ ఆటలో బంతి ఉండదు, పక్ అని నల్లటి గట్టి రబ్బరు బిళ్ళ ఉంటుంది. ఎగిరొచ్చిన బిళ్ళను, గోలు కాసే వాళ్ల గోలీ తొడుగు చేత్తో పట్టాడు. పట్టిన మరుక్షణం మోకాళ్ల మీద కూలబడి, రెండో చెయ్యి దానిమీద కప్పి, తల వంచి, ఈల మోగేదాకా అలాగే ఉండిపోయాడు.

నా పక్కన లేసులు బిగించుకుంటున్న ఆటగాణ్ణి అడిగాను, ఎందుకలా అని.

"ట్రెడిషన్, అంకుల్. మా ఫస్ట్ గోలీ ఇండియా నుంచి వచ్చాడంట. వెరీ హోలీ మ్యాన్. బిళ్ళ పట్టిన ప్రతిసారీ గాడ్‌కి మొక్కేవాడంట. మేమూ అలా చేస్తే లక్ లా," అన్నాడు, ఇక్కడివాళ్లందరిలా మాట చివర 'లా' తగిలించి.

నేను వాదనల మధ్య పెరిగినవాణ్ణి. మా ఊరి గ్రంథాలయం అరుగు మీద దేవుడున్నాడా లేడా, కులం పోవాలంటే ముందు ఏది పోవాలి అని గొంతులు బొంగురుపోయేలా అరుచుకున్న గుంపులో నేనే అందరికన్నా చిన్నవాణ్ణి. అబద్ధం చెవిన పడ్డాక ఊరుకోవడం నాకు నేర్పలేదెవరూ. ఆ మొదటి గోలీ నా రూమ్మేటు. ఆ మోకాళ్లు మొదటిసారి మంచుకు తగిలినప్పుడు నేను ఆటగాళ్లు బెంచి నుంచి మంచు మీదికి దిగే తలుపు పట్టుకుని నిలబడి ఉన్నాను. అక్కడ దేవుడెవరూ లేడు. ఒక మొండి అలవాటుంది, దాన్ని మళ్లించిన ఒక బుర్ర ఉంది.

అది కంప్యూటర్ ఉద్యోగాల కోసం మనవాళ్లు ఈ చిన్న ద్వీపదేశానికి విమానాల నిండా వచ్చి దిగుతున్న కాలం. తంజోంగ్ పగార్‌లో ఒక ఆఫీసులో నేను పాత ప్రోగ్రాముల్లో తేదీలు సరిదిద్దేవాణ్ణి. శతాబ్దం మారిన క్షణాన లోకం ఆగిపోతుందని జనం భయపడేవారు. భయం వాళ్లది, జీతం మాది. హౌగాంగ్‌లో నాతో ఫ్లాట్ పంచుకున్నవాడు అనంతపురం వైపు నుంచి వచ్చిన కుర్రాడు, యూనివర్సిటీలో రీసెర్చ్ చేసేవాడు. చదువు తర్వాత వాడికున్న పిచ్చి ఒక్కటే, వికెట్ కీపింగ్.

ఒక సాయంత్రం తిండి దుకాణాలుండే హాకర్ సెంటర్‌లో టిష్యూ ప్యాకెట్ పెట్టి టేబుల్ ఆపుకుని, ప్లేట్లతో తిరిగొచ్చేసరికి అక్కడ స్థానిక చైనీస్ కుర్రాడొకడు నిలబడి ఉన్నాడు. ఇంజనీరింగ్ ఆఖరి సంవత్సరం. మైదానంలో మావాడి కీపింగ్ చూశాడట.

"నీకు బాల్ అంటే భయం లేదు," అన్నాడు మావాడితో. "మాకు గోలీ కావాలి. ఐస్ హాకీ."

మావాడు నావైపు తిరిగి, "ఏందన్నా ఈయప్ప, ఐసు మీద హాకీ అంటాండాడు? మా ఊర్లో ఐసంటే సోడా బండికాడ గోనెపట్టాలో చుట్టిపెట్టేదబ్బా. దానిమీద నిలబడేది యాడ?" అన్నాడు. తర్వాత ఇంగ్లీషులో, తనకు స్కేటింగ్ రాదని చెప్పాడు.

"నెవర్ మైండ్ లా. గోలీ ఎక్కడికీ పోనక్కర్లేదు."

ఇది శుద్ధ తప్పని తర్వాత తెలిసింది. మంచు మీద కదలడం అందరికన్నా బాగా రావాల్సింది గోలీకే. కానీ జట్టు కెప్టెనైన ఆ కుర్రాడికే ఆట సగం తెలుసు. ఒక సెమిస్టర్ చలి దేశంలో చదివి, ఒక సంచీడు సామానుతో తిరిగొచ్చి, హాస్టల్ గోడ మీద కాగితం అంటించాడు. ఆ జట్టు పుట్టుక అంతే. మొదట్లో వాళ్లకు మంచు కూడా లేదు. బిషాన్‌లో ఫ్లాట్ల కింద ఖాళీ జాగాలో చక్రాల స్కేట్లతో, టెన్నిస్ బంతితో ఆడేవారు. పైనుంచి ఆంటీలు తిట్టేవారు. ఒకసారి అక్కడ మలయ్ వాళ్ల పెళ్లి పడితే, పెళ్లివారు వీళ్లను కర్రలతో సహా కూర్చోబెట్టి బిర్యానీ పెట్టి పంపారు.

జట్టులో ఉత్తర చైనా నుంచి వచ్చిన స్కాలర్‌షిప్ కుర్రాడొకడు ఉండేవాడు. నదులు గడ్డకట్టే ఊరు వాడిది. వీడికి ఆట పుట్టుకతోనే వచ్చి ఉంటుందని అందరూ ఆశపడ్డారు. తీరా చూస్తే వాడు జన్మలో స్కేట్లు తొడగలేదు. "మా ఊళ్లో మంచు మీద జారకుండా నడవడమే నేర్చుకుంటాం," అన్నాడు. ఆ మాట విని నేను పొంగిపోయాను. పుట్టుకతో ఏదీ రాదని మా అరుగు మీద ఏళ్ల తరబడి గొంతు చించుకున్నాం. ఇక్కడ ఒక్కడు ఒక్క ముక్కలో తేల్చేశాడు. ఆ జట్టులో తాతముత్తాతల పేరు చెప్పుకుని ఆడేవాడు ఒక్కడూ లేడు. చైనీస్, మలయ్, తమిళ, తెలుగు కుర్రాళ్లు, అందరూ సమానంగా కిందపడేవారు.

తర్వాత ఒక షాపింగ్ సెంటర్ పై అంతస్తులో ఉన్న చిన్న రింకులో ఆదివారం పొద్దున, దుకాణాలు తెరవకముందు, వాళ్లకొక గంట దొరికింది. నేను మొదటిసారి వెళ్లినప్పుడు వెటకారం చేద్దామనే వెళ్లాను. బయట ఉక్కకు చొక్కా వీపుకు అంటుకుపోతోంది, లోపల నోట్లోంచి ఆవిరి వస్తోంది. ఎవరి ప్రార్థనకూ కురిసిన మంచు కాదది. నేల కింద గొట్టాలు, గోడ వెనక ఆగకుండా రొదపెట్టే యంత్రం. అది ఆగితే మధ్యాహ్నానికి అంతా నీళ్లే. భూమధ్యరేఖ పక్కన మనిషి పట్టుబట్టి నిలబెట్టిన శీతాకాలం. వెటకారం మానేసి, వచ్చే వారం నుంచి బెంచి తలుపు తీసి మూసే పని నేనే చేస్తానన్నాను.

ఆ గంటకే ఎసరొచ్చింది. పుట్టినరోజు పార్టీలకు రింకు కావాలని చాలామంది అడుగుతున్నారనీ, యూనివర్సిటీ తన పేరు మీద అడిగితే తప్ప సెమిస్టర్ తర్వాత విద్యార్థులకు ఇవ్వలేమనీ రింకు వాళ్లు చెప్పారు. యూనివర్సిటీ క్రీడల ఆఫీసరేమో, ఇది నిజంగా జట్టా, సరదానా అని అడిగాడు. ఒక పూర్తి మ్యాచ్ ఆడి చూపించండి, వచ్చి చూస్తానన్నాడు. కెప్టెన్‌కు అదే ఆఖరి సెమిస్టర్. వాడు వెళ్లేలోపు ఆ గంట యూనివర్సిటీ పేరు మీదికి రాకపోతే జట్టు వాడితోనే ముగిసిపోతుంది. ఆ విషయం వాడు ఎవరితోనూ పెద్దగా అనేవాడు కాదు. రైల్లో మాత్రం కర్ర రెండు మోకాళ్ల మధ్య పెట్టుకుని, కిటికీలోకి చూస్తూ ఉండిపోయేవాడు.

ప్రత్యర్థులుగా ఒప్పుకున్నది చలి దేశాల నుంచి వచ్చి ఇక్కడ బ్యాంకుల్లో పనిచేసే పెద్దమనుషుల జట్టు. పొట్టలొచ్చినా మంచు మీద వెన్నలా జారేవారు. రిఫరీ కూడా వాళ్ల నేస్తమే, ఒక కెనడా పెద్దాయన. మ్యాచ్ రోజు పొద్దున మావాడు ప్యాడ్లు కట్టుకుంటూ, వాళ్లమ్మ కట్టిన ఎర్రదారం తొడుగు లోపల ఒరుసుకుంటోందని కత్తెర అడిగి తనే కత్తిరించేశాడు.

"ఏంట్రా, మొక్కు దారం తెంపేశావ్?" అన్నాను.

"గీరుకుంటాందన్నా. దేవుడు అడ్జస్ట్ అయితాడులే."

ఇదీ ఆ మహాభక్తుడి కథ.

మొదటి సగం బాగానే గడిచింది. వెనకబడ్డా పరువు పోలేదు. అప్పుడు వాళ్లలో ఒకాయన దూరం నుంచి గట్టిగా కొట్టాడు. బిళ్ళ భుజం ఎత్తున వచ్చింది. మావాడు గాల్లోనే లటుక్కున పట్టాడు. బ్రహ్మాండమైన క్యాచ్! గోలీ బిళ్ళను పట్టి కదలకుండా ఉంచితే రిఫరీ ఈల వేసి ఆట ఆపుతాడు. మావాడు ఉంచలేదు. అనంతపురం మైదానాల్లో చిన్నప్పటి నుంచీ చేసిందే చేశాడు. బిళ్ళను ఆనందంగా పైకి ఎగరేసి, రిఫరీ వైపు తిరిగి, రెండు చేతులూ చాచి, "ఔట్!" అని అరిచాడు.

కెనడా పెద్దాయన ఈల నోటిదాకా తెచ్చి అలాగే నోరు తెరిచాడు. బిళ్ళ మావాడి వెనక పడింది, ఒకసారి ఎగిరింది, గీత దాటి గోల్లోకి వెళ్లింది.

మ్యాచ్ కోసం ఆ రోజు రింకు ఆలస్యంగా, ఎక్కువసేపు ఇచ్చారు; అప్పటికి దుకాణాలు తెరిచారు. అద్దం అవతల సంచులతో నిలబడ్డ జనం పగలబడి నవ్వారు. క్రీడల ఆఫీసరు కూడా నవ్వాడు. నవ్వి, గొడుగు చేతిలోకి తీసుకున్నాడు. కెప్టెన్ ఆ గొడుగును చూశాడు. విరామం ఈల మోగింది.

ఫుడ్ కోర్ట్ వెనక నడవాలోకి వెళ్లాం. వెల్లుల్లి వేగుతున్న వాసన. మావాడు గోడకు చారగిలబడి కూర్చున్నాడు. "నేను పోనన్నా ఇంక. ఇంకెవర్నన్నా నిలబెట్టమను."

ఇంకెవరూ లేరు. గోలీ లేకపోతే మ్యాచ్ లేదు.

"ఒరేయ్, ఆలోచించరా!" అన్నాను. "పట్టగానే ఇది క్రికెట్ కాదు అనుకో. అంతే కదా!"

"అనుకునే లోపలే చెయ్యి లేస్తాందన్నా. నేనేమి చేసేది?"

కావాలంటే చూడమన్నట్టు కెప్టెన్ వైపు చెయ్యి చాచాడు. కెప్టెన్ బిళ్ళ విసిరాడు. మావాడు పట్టాడు, ఎగరేశాడు. మళ్లీ విసిరాడు, మళ్లీ ఎగరేశాడు. నేను తర్కం చెప్పాను, కారణం చెప్పాను, ఉదాహరణలు చెప్పాను. అరుగు మీద నేర్చుకున్న విద్యంతా ఒలకబోశాను. చెయ్యి వినలేదు.

"బ్రదర్, నువ్వు కాసేపు ఆపు," అన్నాడు కెప్టెన్ నాతో. "డోంట్ త్రో, డోంట్ త్రో అంటే అతని తలలో త్రోనే ఉంటుంది. వద్దని చెప్పకూడదు. చేతికి ఇంకో పని ఇవ్వాలి లా."

తనే తొడుగు వేసుకుని చేసి చూపించాడు. పట్టు. వెంటనే మోకాళ్ల మీద కూలబడు. రెండో చెయ్యి పైన కప్పు. తల దించి బిళ్ళనే చూడు. ఈల వినేదాకా లేవకు. మావాడు చేశాడు. మొదట్లో చెయ్యి లేచి, సగంలో గుర్తొచ్చి కిందికి దిగేది. చేయగా చేయగా మోకాళ్లే ముందు వంగడం మొదలుపెట్టాయి. తుడుపుకర్రతో అటుగా వచ్చిన క్లీనింగ్ ఆంటీ, నేల మీద పడి లేస్తున్న మావాణ్ణి చూసి ఆగింది.

"ఐయ్యో, ప్రేయింగ్ ఆ?"

"యెస్ ఆంటీ, ప్రేయింగ్," అన్నాడు కెప్టెన్, బిళ్ళ విసురుతూనే.

మతం పుట్టింది ఆ నడవాలోనే అని ఇప్పుడు అర్థమవుతోంది. జట్టంతా నవ్వింది. మావాడూ నవ్వి లేచాడు.

రెండో సగంలో ఆఫీసరు కూర్చోలేదు, వెళ్లనూ లేదు. గొడుగుతో అద్దం దగ్గర నిలబడ్డాడు. ఆట ఇంక ముగుస్తుందనగా, ఇందాక కొట్టినాయనే అదే చోటి నుంచి మళ్లీ కొట్టాడు. మావాడు పట్టాడు. చెయ్యి లేచింది. భుజం దాకా వెళ్లింది. అద్దం అవతల జనం నవ్వడానికి సిద్ధంగా ఉన్నారు. అప్పుడు మోకాళ్లు వంగాయి. దబ్బున కూలబడి, బిళ్ళను పొట్టకు అదుముకుని, రెండో చెయ్యి పైన కప్పి, తల దించేశాడు. ఒక పొట్టాయన ఆగలేక వచ్చి వాడిమీద పడ్డాడు. వాడిమీద ఇంకొకడు. మావాడు కదల్లేదు. ఈల మోగింది. అద్దం అవతల ఎవరో చప్పట్లు మొదలుపెట్టారు.

మ్యాచ్ ఓడిపోయాం. ఆఫీసరు బెంచి దగ్గరికి వచ్చి, కెప్టెన్‌ను అడిగింది ఒక్కటే.

"వచ్చే సెమిస్టర్ కూడా ఆదివారమేనా? ఎన్నింటికి?"

కెప్టెన్ హెల్మెట్ తియ్యలేదు. మావాడే చెప్పాడు, "పొద్దున ఏడింటికి, సార్."

ఆ గంట మీదే తర్వాతి సెమిస్టర్ల జట్లన్నీ నిలబడ్డాయి. చిన్న రింకు పోయి పెద్దది వచ్చింది, కుర్రాళ్లు మారారు, మోకాళ్లు మాత్రం వంగుతూనే ఉన్నాయి. ఒక తెలివైనవాడు తొందరలో కనిపెట్టిన ఉపాయాన్ని ఇన్నేళ్లు చెక్కుచెదరకుండా కాపాడుకున్నందుకు ఆ కుర్రాళ్లంటే నాకు గౌరవమే. కానీ ఉపాయం చేతికి అందింది, కారణం దారిలో జారిపోయింది. నా పేచీ అంతా దానితోనే.

మొన్న మెట్ల మీద ఇదంతా చెప్పాను. ఇప్పటి గోలీ ముసుగెత్తి శ్రద్ధగా విన్నాడు.

"సో, నో గాడ్, అంకుల్?"

"లేడు. క్రికెట్ ఉంది."

"బట్ ఇట్ వర్క్స్ లా."

"పనిచెయ్యడానికే పెట్టారు నాయనా! లక్ కోసం కాదు."

"డాడీ, స్టాప్ ఆర్గ్యూయింగ్ లా," అంది మా అమ్మాయి స్కేట్లు విప్పుకుంటూ.

ఇంటికొచ్చి మావాడికి ఫోన్ చేశాను. వాడిప్పుడు బెంగళూరులో పిల్లలకు పాఠాలు చెబుతున్నాడు. నిన్ను మహాభక్తుణ్ణి చేశార్రా అని చెబితే చాలాసేపు నవ్వాడు.

"గమ్మునుండన్నా. ఇంగ కొన్నేండ్లు ఆగితే గుడి గూడా కడతారు. నువ్వు బెంచి తలుపు పట్టుకున్నోడివి గదా, నిన్ను ద్వారపాలకుణ్ణి చేస్తారులే."

అందుకే, గుడి లేవకముందే, ఇది రాసి పెడుతున్నాను.